నొప్పి లేని మడమ

ఆ రోజుల్లో మా క్యాంపులో ఒంట్లో ఎలా ఉందని ఎవరడిగినా ఒకటే జవాబు: "నో ప్రాబ్లం." జ్వరమొచ్చినా, నడుం పట్టేసినా అదే మాట. నొప్పి అన్నవాడిని అన్‌ఫిట్ అని ఇంటికి పంపేస్తారని మా గట్టి నమ్మకం. (అలా పంపేసిన మనిషిని నేనైతే చూడలేదు. చూశామన్నవాళ్లు మాత్రం ప్రతి గదిలోనూ ఉండేవారు.) నేను దోహా వచ్చి ఏడాది కూడా కాలేదు. ఊళ్లో మా ఇంటికి గోడలు లేచాయి గానీ స్లాబు పడలేదు. అది పడేదాకా నా ఒంట్లో దేనికీ నొప్పి పుట్టే హక్కు లేదని నిశ్చయించుకున్నాను.

ఆ సంగతి నా కుడి మడమకు తెలియదు. రోజంతా టైల్స్ పెట్టెలు మోస్తూ మెట్లెక్కి దిగడం వల్ల, పొద్దున లేచి మొదటి అడుగు వేస్తే మేకు దిగినట్టుండేది. గోడ పట్టుకుని స్నానాల గదికి పోతుంటే మా గదిలోని మామూ కనిపెట్టాడు. ఆయనది హైదరాబాదు, కంపెనీ బస్సు డ్రైవరు, వయసులో పెద్ద, కాబట్టి క్యాంపంతటికీ మామూయే. వద్దన్నా వినకుండా ఫరీజ్ బిన్ మహమూద్ అనే పేటలో ఒక క్లినిక్కుకు తీసుకుపోయాడు. మడమ దగ్గర లోపలి కండ వాచిందని, సూది, కోత ఏమీ అక్కర్లేదని, వారానికొకసారి షాక్‌వేవ్ పెట్టించుకుంటే చాలని డాక్టరు చెప్పాడు. తగ్గేదాకా కూర్చుని చేసే పని ఇమ్మని మా ఫోర్‌మన్‌కు కబురు కూడా పెట్టాడు.

షాక్‌వేవ్ పెట్టేది ఒక ఫిలిప్పీనో మేడం. మడమకు చల్లటి జెల్ రాసి, పిడిలాంటి మిషన్ ఆనించి, ఎక్కడ ఎక్కువ నొప్పిగా ఉందో చెప్పమని, అక్కడే పెడతానని విడమర్చి చెప్పింది. మిషన్ టకటకా కొట్టడం మొదలుపెట్టగానే నా ప్రాణం అరికాల్లోంచి నడినెత్తికెక్కింది. "పెయిన్, సర్?" అంది. "నో పెయిన్, మేడం," అని నవ్వాను. మిషన్ ఇంకొంచెం జరిపి మళ్లీ అడిగింది. "నో ప్రాబ్లం." పాపం ఆవిడ మడమంతా వెతికింది, టైలు కింద బోలు ఎక్కడుందో తట్టి చూసే మేస్త్రీలాగా. నేను పలకని టైలునయ్యాను. చివరికి ఆవిడ విసిగి వదిలేసింది. నేను బయటికొచ్చి, "చక్కిలిగింత పెట్టినట్టే ఉన్నది మామూ," అన్నాను. ఆ ముక్క ఆయన నోటివెంట క్యాంపంతా పాకింది.

మర్నాడు ఫోర్‌మన్ పిలిచాడు. మా కరీంనగర్ వైపు మనిషే గానీ, 'లేదు'కు మాఫీ, 'పద'కు యల్లా అంటూ అరబ్బీ కలుపుతాడు. "పెయిన్ మాఫీ అన్నవట గదా. యల్లా, పెట్టెలు లేపు. గిట్ల నాటకాలాడెటోళ్లను కంపెనీ ఉంచుకోదు."

సాయంత్రం మామూకు చెప్పుకుని ఏడ్చినంత పని చేశాను. ఆయన తాపీగా విని, "నొప్పి ఉందంటే పంపిస్తరని భయపడ్డవ్. ఇప్పుడు లేదన్నందుకు పంపిస్తమంటున్నరు. ఏం దిమాగ్ బేటా నీది? ఈసారి ఆమె అడిగితే గట్టిగ ఒర్లు," అన్నాడు.

మరుసటి వారం బస్సు నిండింది. నా చక్కిలిగింత మాట నమ్మి నడుములవాళ్లు, భుజాలవాళ్లు వెంట వచ్చారు. వాళ్లను బయట బెంచీ మీద కూర్చోబెట్టి నేను లోపలికి పోయాను. మిషన్ సరిగ్గా ఆ చోట తగిలింది. "పెయిన్, సర్?" అందో లేదో, అన్నాళ్లుగా మింగిన నో ప్రాబ్లంలన్నీ ఒక్కసారి బయటికొచ్చాయి. "ఓ అవ్వా... గిక్కడనే, గిక్కడనే మేడం." ఆవిడ మొహం వెలిగిపోయింది. "గుడ్, వెరీ గుడ్," అంటూ మిషన్ జోరు తగ్గించి, ఆ చోటు వదలకుండా పని కానిచ్చింది. నాకు నొప్పి ఉన్నందుకు సంతోషించిన మనిషిని దోహాలో మొదటిసారి చూశాను.

బయటికొచ్చేసరికి బెంచీ ఖాళీ. మామూ ఒక్కడే ఉన్నాడు.

"మనోళ్లేరి?"

"అందరికీ తగ్గిపోయింది బేటా. నీ ఒక్క కేకకు బస్సెడు నడుములు బాగైనయ్."

నొప్పి నిజమేనని మేడం చెప్పిన మాట ఫోర్‌మన్‌కు చేరింది. నన్ను కూర్చుని టైల్స్ సందులు నింపే పనిలో వేశాడు. కొన్ని వారాలకు మడమ నిజంగానే నయమైంది. తర్వాత ఊళ్లో స్లాబు కూడా పడింది.

ఇప్పుడు నేను సూపర్‌వైజర్‌ని. దోహాలోనే, అల్ అజీజియాలో మా ఆవిడతో కాపురం. మామూ హైదరాబాదు వెళ్లిపోయాడు. నిన్న పొద్దున మంచం దిగుతూ మళ్లీ గోడ పట్టుకున్నాను, ఈసారి ఎడమ కాలు.

"ఏమైంది?" అంది మా ఆవిడ.

"ఏం లేదు," అన్నాను. మాట దానంతటదే వచ్చేసింది. ఇప్పుడు నన్ను అన్‌ఫిట్ అని పంపేవాళ్లెవరూ లేరు కదా, ఎవరికి భయపడ్డానో నాకే తెలియలేదు. క్లినిక్కులో పళ్లు బిగించి నవ్విన అప్పటి కుర్రాడు గుర్తొచ్చాడు. నవ్వొచ్చింది, కాస్త జాలి కూడా వేసింది. మళ్లీ మంచం మీద కూర్చుని కాలు ఆమె ముందుకు చాపి, "ఇగో, గిక్కడ," అన్నాను.