ముబష్షిరా ముఖం

పేరు ముబష్షిరా. వయస్సు నలభై ఒక్క సంవత్సరాలు. స్వస్థలం కడప జిల్లా ప్రొద్దుటూరు, ప్రస్తుత నివాసం జెద్దా నగరం. తెలుగు కుటుంబాల సంఘం పెద్దలకు ఈ వివరాలు సమర్పిస్తున్న వ్యక్తి ఆమెను పదమూడేళ్ళుగా ఎరుగును.

ఆమె తండ్రి పూర్వీకులు నిజాము అశ్వదళంలో కొలువుకై ఆఫ్రికా నుండి వచ్చిన సిద్దీలు. తల్లి ప్రొద్దుటూరు మనిషి. నలుపు, పొడుగు, ఉంగరాల జుట్టు తండ్రి వైపు నుండి, యాస తల్లి వైపు నుండి వచ్చాయి. చిన్ననాడు బంధువుల పెళ్ళిళ్ళలో ఫోటో తీసే సమయానికి ఎవరో ఒకరు ఆమె భుజం పట్టుకొని వెనుక వరుసకు జరిపేవారు.

"పొడుగుండావు గదమ్మీ, ఎనక్కి పో" అనేవారు.

పొడుగు కేవలం సాకు అని తెలిసే వయస్సు వచ్చేసరికి, ఎవరూ చెప్పకుండానే వెనక్కి వెళ్ళి నిలబడడం ఆమెకు అలవాటయిపోయింది.

జెద్దాకు ఆమె కుట్టుపనికి వచ్చింది. స్త్రీలు ఒంటి నిండా తొడుక్కొనే నల్లని పైఅంగీలు, అబాయాలు, కుట్టి అమ్మే దుకాణం అది. ఒకనాడు కొత్త అబాయా అంచు సరిగా వాలుతున్నదో లేదో చూడడానికి యజమానురాలు దానిని ఆమెకే తొడిగి నిలబెట్టారు. కేటలాగు కోసం ఫోటోలు తీయడానికి వచ్చిన నయీమ్ అనే హైదరాబాదు యువకుడు ఆమెను చూసి, చంకలోని బట్టలు తొడిగే ప్లాస్టిక్ బొమ్మను గోడకు ఆనించి, "ఇగ దీంతోని పనేముంది మేడమ్" అన్నాడు. ఆ పూట నుండి ముబష్షిరా మోడల్ అయింది.

ఆ రోజుల్లో కేటలాగులలో స్త్రీల ముఖాలు వేసే ఆచారం లేదు. ఫోటోను గడ్డం క్రింద కత్తిరించేవారు. ముఖంతో చెప్పవలసినదంతా భుజాలతో, మణికట్టుతో, అడుగు వేసే తీరుతో చెప్పడం ఆమె నేర్చుకున్నది. ఆమె నిలబడితే నల్లని క్రేపు గుడ్డ నీటిధార వలె జారేది. ఆ ఫోటోలు చూసి ఎంతో దూరాన ఉన్న హుఫూఫ్ పట్టణం నుండి సైతం బేరాలు వచ్చేవి. టీవీ సీరియళ్ళ వారు కూడా అప్పుడప్పుడు పిలిచారు. కాఫీ పళ్ళెం మోసే దాసిగానో, వీపు మాత్రమే కనబడే పెళ్ళి అతిథిగానో నటించి వచ్చేది. యజమానురాలు నవ్వుతూనే పంపేవారు.

తరువాత కాలం మారింది. కేటలాగులలో ముఖాలు రాసాగాయి. ఆ మాట విన్ననాడు ముబష్షిరా కళ్ళకు కొత్త సుర్మా కొన్నది. తల ఏ వైపునకు వంచితే బాగుంటుందో అద్దంలో చూసుకున్నది. ఎప్పటివలెనే నయీమ్ వచ్చి, ఈసారి ముఖంతో సహా ఫోటోలు తీసి వెళ్ళాడు.

రంజాను పండుగ ముందు దుకాణం ముఖద్వారాన పెద్ద ప్రకటన బొమ్మ కట్టారు. ఒళ్ళు ముబష్షిరాది, ముఖం మరెవరో తెల్లని పిల్లది. ముఖానికి సరిపడేటట్లు చేతులను కూడా కంప్యూటరులో తెలుపు చేశారు. అయితే పండుగ హడావుడిలో ఎడమ చేతిని మరచిపోయారు.

మొదట చూసినది రాయచోటి నుండి వచ్చి అదే దుకాణంలో పనిచేస్తున్న ఆసిఫా.

"అక్కా, బిన్నే రా! మొగమేమో పాలమీగడ, కుడిచెయ్యి మైదాపిండి, ఎడమచెయ్యి నీది!"

"నగు, నగు. నీ చెయ్యి కాదు గదా."

"నగక ఏం జేసేది? ఒక చెయ్యన్నా మిగిలిచ్చినారులే నీకు."

ముబష్షిరా కూడా నవ్వింది. నవ్వుతూనే లోపలి గదిలోకి పోయి మిషను ముందు కూర్చున్నది. చాలాసేపటి వరకు సూదిలోకి దారం ఎక్కలేదు.

ఆ బొమ్మను దించేలోపే ఒక సౌదీ స్త్రీ దుకాణంలోకి వచ్చారు. సీరియళ్ళకు నటులను వెదకి పెట్టడం ఆమె వృత్తి. "ఆ ఎడమ చెయ్యి ఎవరిది?" అని అరబ్బీలో అడిగారు. ముబష్షిరా చేతిని అంగీలోకి ముడుచుకున్నది. ఆసిఫా ఊరుకోక ఆ చేతిని బయటకు లాగి చూపించింది.

వేషం చిన్నది కాదు. ఓడ మీద పోయిన భర్త కోసం ఎదురుచూస్తూ పిల్లలను పెంచిన జెద్దా తల్లి. "ఇలాంటి ముఖాలు మా ఊరి ఇళ్ళలో ఎన్నో ఉన్నాయి, సీరియళ్ళలోనే లేవు" అన్నారామె. పరీక్షకై వీడియో తీయడానికి ఫోను ఎత్తగానే, ముబష్షిరా అలవాటు చొప్పున వీపు త్రిప్పింది.

"ఇటు, ఇటు తిరుగు" అన్నారామె.

తిరిగింది. ఆ ముఖాన్ని ఏమి చేయాలో ముబష్షిరాకు కొంతసేపు తెలియలేదు. పిదప ఎర్రసముద్రం వైపు చూస్తున్నట్లు చూసింది. ఆ స్త్రీ ఫోను దించి, ఆమె పేరు అడిగి వ్రాసుకున్నారు.

వేషం ఖాయమైనది, కాని ఇంత పెద్ద వేషానికి మునుపటివలె నోటిమాట చాలదు, యజమానురాలి అనుమతి పత్రం కావాలి. ఈ దేశంలో నివాసానికి ఇచ్చే గుర్తింపు కార్డు ఇఖామాలో ముబష్షిరా వృత్తి కుట్టుపని అని ఉన్నది. యజమానురాలు కాదనలేదు, ఔననలేదు. అడిగిన ప్రతిసారీ "ఇన్షా అల్లాహ్, చూద్దాం" అంటున్నారు. టీవీలో ఆమెను చూసినవారు బొమ్మలలోని ఒళ్ళు ఎవరిదో గుర్తుపడతారని వారి సంకోచం. వచ్చే నెల మొదట్లో చిత్రీకరణ ఆరంభమవుతుంది. అప్పటికి పత్రం అందకపోతే ఆ వేషం వేరొకరికి పోతుంది.

"మేడమ్ కాళ్ళు పట్టుకుందామా అక్కా?" అన్నది ఆసిఫా.

"కాళ్ళెందుకే. ఆయమ్మ నాకు అన్నం పెట్టింది. ఒక్కతూరి నా మొగం నాదని ఒప్పుకుంటే చాలు."

యజమానురాలిపై ఇందు ఎట్టి ఫిర్యాదూ లేదని స్పష్టపరచడమైనది. సంఘాధ్యక్షులు ఇష్తియాక్ గారికి యజమానురాలి సోదరునితో చిరకాల పరిచయం ఉన్నది. కావున అధ్యక్షుల వారు ఒకరిద్దరు పెద్దలతో స్వయంగా ఆ ఇంటికి వెళ్ళి, ముబష్షిరా పేర అనుమతి పత్రం ఇప్పించవలసినదిగా, అది ఈ నెలాఖరులోగా ఆమె చేతికి అందునట్లు దయతో చూడవలసినదిగా సవినయంగా ప్రార్థించడమైనది.