రెండు కౌంటర్లు, ఒకే లారీ

1997. చోడవరంలో చెరకు రైతులకు లారీలు కేటాయించే ఒక ప్రైవేటు ఆఫీసులో ప్రోగ్రామర్‌గా చేరాను. కౌంటర్లు రెండు, వాటి మీద కంప్యూటర్లు రెండు. లోపలి గదిలో ఫైల్ సర్వర్, అంటే ఆ రెండింటికీ ఉమ్మడిగా ఫైళ్లు దాచే మూడో కంప్యూటర్. ప్రోగ్రామ్ రాసినతను నేను చేరేసరికే వేరే ఉద్యోగానికి వెళ్లిపోయాడు.

మొదటి వారంలోనే బుచ్చయ్యపేట వైపు రైతు నారాయణమ్మ వచ్చి నిలదీసింది. లారీ ఉందని చెబితే చెరకు కొట్టించింది. తీరా ఆ లారీ రావికమతం వెళ్లిపోయింది. ఆ రోజుకి వేరే లారీ లేదు.

"కొట్టిన సెరుకు ఎండలో పడుంది బాబూ. రేపైనా ఎత్తకపోతే తూకం పడిపోతాది. ఉందన్న లారీ ఏటైపోయింది?"

"నా స్క్రీన్ మీద ఇప్పటికీ ఆ లారీ నీ పేరనే ఉందమ్మా," అన్నాడు మొదటి కౌంటర్ సూర్రావు.

"నా దాన్లో ఖాళీ అనే ఉండీది. అందుకే ఇచ్చేను," అన్నాడు పక్క కౌంటర్ రమణ. "నువ్వు మాటిచ్చేవని నాకు కలొచ్చిందేటి?"

ఇద్దరూ నిజమే చెబుతున్నారు. కోడ్ తెరిచాక కారణం కనబడింది. పొద్దున్నే ప్రతి కంప్యూటరూ లారీల జాబితాను తన మెమరీలోకి, ఎర్రే అనే వరుసలోకి కాపీ చేసుకునేది. ఒకచోట జరిగిన మార్పును రెండోచోటికి చేరవేయడానికి బుకింగ్‌కి ఒక రొటీన్, అంటే చిన్న ప్రోగ్రామ్ ముక్క, రద్దుకి ఒకటి, బ్రేక్‌డౌన్‌కి ఇంకొకటి. ఏది ఆలస్యమైనా రెండు కాపీలు రెండు మాటలు చెప్పేవి.

"ఇంకోటేదో రాసి అతికించీ బాబూ," అన్నారు యజమాని.

నేను రాయడం కన్నా తీసేయడమే ఎక్కువ చేశాను. ఎర్రేలు పోయాయి, చేరవేసే రొటీన్లు పోయాయి. లారీ పరిస్థితి సర్వర్‌లోని ఒక్క ఫైల్లోనే ఉంటుంది. కేటాయించేటప్పుడు రికార్డ్ లాక్ పడుతుంది, అంటే ఆ లారీ వివరాలను క్షణంపాటు ఒక్కరే ముట్టుకోగలరు. లాక్ దొరికాక ఇంకా ఖాళీయేనా అని మళ్లీ చూసి, అప్పుడు రాయాలి.

సాయంత్రం ఇద్దరినీ ఒకే లారీ మీద ఒకేసారి ఎంటర్ నొక్కమన్నాను. సూర్రావుకి స్లిప్ వచ్చింది. రమణ స్క్రీన్ మీద "వేరే లారీ చూడండి" అని పడింది.

"నన్ను ఓడించీసింది గురూ."

"ఎవరో ఒకరు ఓడాలి కదా," అన్నాను.

మర్నాడు మొదటి లారీ నారాయణమ్మకి ఇచ్చాం. సూర్రావు చేతిలోంచి స్లిప్ తీసుకుని ఆవిడ బయటికి వెళ్లలేదు. తిన్నగా రమణ దగ్గరికి నడిచి, నంబరు మాత్రం చెప్పింది.

"ఆ లారీ ఎవులిదో సూడు. నాను సెప్పను."

"బుచ్చయ్యపేట, నారాయణమ్మ. నువ్వేనేటి?"

"నానే. ఇంక ఎల్తాను."

చెరకు లోడై బయల్దేరిందని మధ్యాహ్నం కబురొచ్చాకే నాకు అన్నం సహించింది. ఒక సంగతి పదిమందికీ తెలియాలంటే పదిచోట్ల రాసిపెట్టనక్కర్లేదు, పదిమందీ వచ్చి చూసుకునే చోటు ఒకటుంటే చాలు. ఆ తర్వాత ఏ ప్రోగ్రామ్ రాసినా, ముందు ఆ చోటేదో తేల్చుకున్నాకే మొదటి లైను రాశాను.