ఉప్పు చేతికిచ్చిన రోజు

మొన్న మా రూమ్మేట్ ఉప్పు సీసా అందించబోతే, "అక్కడ పెట్టు, తీసుకుంటా" అన్నాను. ఎందుకంది. చెప్పబోతుంటే అమెరికాలోని ప్లెయిన్స్‌బరోలో మా పాత అపార్ట్‌మెంట్ గుమ్మం కళ్లముందుకొచ్చింది.

అప్పుడు నాకు ఏడేళ్లు. అమ్మమ్మ మా దగ్గరికి వచ్చిన ఎండాకాలం. ఆవకాయకని బాల్కనీలో రాళ్లుప్పు ఆరబోస్తూ, బ్రిటిష్‌వాళ్ల కాలంలో సముద్రపు నీళ్లు కాచి ఉప్పు చేసినందుకు వాళ్ల నాన్నని జైల్లో పెట్టారని చెప్పింది. ఉప్పు చేతికివ్వకూడదని అమ్మ ఎప్పుడూ అనేది, ఎందుకో చెప్పేది కాదు. నేను రెండూ కలిపేసుకున్నాను. చేతికిస్తే పోలీసులొస్తారన్నమాట!

ఆ సాయంత్రమే పక్కింటి ఆంటీ కాస్త ఉప్పు కావాలంటూ వచ్చింది. ఆవిడది ఇంగ్లండ్. అంటే బ్రిటిష్‌వాళ్లే! డబ్బా తెచ్చి గుమ్మంలో నేలమీద పెట్టి, "నేనివ్వలేదు, మీరే తీసుకున్నారు. పోలీసులకి చెప్పకండి" అని ఇంగ్లీషులో బతిమాలాను.

ఆంటీ బిత్తరపోయింది. వెనకే వచ్చిన అమ్మమ్మ సంగతి గ్రహించి, కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వింది. తర్వాత డబ్బాలోంచి గుప్పెడు ఉప్పు తీసి ఆంటీ దోసిట్లో పోసింది.

"అదేంటమ్మా, చేతికిచ్చేస్తున్నావ్? గొడవలొస్తాయి!" అంది అమ్మ వంటింట్లోంచి.

"వీళ్లతో మాకు రావాల్సిన గొడవ మా నాన్న ఎప్పుడో పడేశాడు లేవే."

రూమ్మేట్ ఇంకా సీసా పట్టుకునే ఉంది. చెయ్యి చాపాను.