ఇటలీ కాబోయి పెరూ అయిన జెండా

ఆ వీధిలో జెండాల మామయ్య అంటే పిల్లల దగ్గర్నుంచి ముసలివాళ్ల దాకా అందరికీ ఆయనే. ముందు గదిలో రెండు కుట్టు మిషన్లు, పొడవాటి కత్తిరింపు బల్ల, గోడ మీద ప్రపంచ దేశాల జెండాల పటం. ఆటల పోటీలకి గానీ, పెద్ద సమావేశాలకి గానీ ఏ దేశం జెండా కావాలన్నా ఆ గదిలోంచే వెళ్లాలి. మనిషికి నోరు కాస్త ఎక్కువే. కుట్టేటప్పుడు ఎదురుగా ఎవరైనా కూర్చున్నారా, ఇక లోకం చుట్టి రావాల్సిందే. 1936 ఒలింపిక్స్‌కి వెళ్లేదాకా హైతీకి, లీచ్‌టెన్‌స్టయిన్‌కి తమ ఇద్దరి జెండా ఒకటేనన్న సంగతి తెలియదట. లీచ్‌టెన్‌స్టయిన్ వాళ్లు మరుసటి ఏడు ఒక కిరీటం తగిలించుకుని ఆ గొడవలోంచి బయటపడ్డారట. 1956లో హంగరీ జనం తిరగబడి, జెండా నడుమ ఉన్న ప్రభుత్వ చిహ్నాన్ని కత్తిరించి పారేసి, ఆ కన్నంతోనే వీధుల్లో ఊరేగించారట. పరాగ్వే జెండాకైతే ముందో బొమ్మ, వెనకో బొమ్మ. "అది కుట్టినవాడికి స్వర్గంలో సీటు రిజర్వు," అంటాడు.

ఇన్ని తెలిసిన మనిషికి ఎరుపుకీ ఆకుపచ్చకీ తేడా తెలియదు.

పుట్టుకతోనే అంతే. ఆ రెండూ ఆయన కంటికి ఒకటే, ఎండుటాకు రంగు. నారింజ కూడా దాదాపు ఆ గుంపులోదే. లిబియా జెండా ఒకప్పుడు మొత్తం ఒట్టి ఆకుపచ్చ గుడ్డ, ఇంకో రంగు లేదు. ఆ ఆర్డరు వస్తే ఆయనకి ప్రాణం లేచొచ్చేది. 2011లో వాళ్లు జెండా మార్చుకుంటే ఎక్కడో జరిగిన విప్లవానికి ఈయన ఇక్కడ మొహం మాడ్చుకుని కూర్చున్నాడు. ఈ గుట్టు తెలిసింది ఒక్క భార్యకే. గుడ్డ కత్తిరించేది ఆవిడే. కత్తిరించిన ప్రతి ముక్క మూలా ఒక దారం కుట్టి ముడి వేస్తుంది. ఎరుపుకి ఒకటి, ఆకుపచ్చకి రెండు, నారింజకి మూడు. ఆయన వేలితో తడిమి కుట్టేస్తాడు. చూసేవాళ్లకి అదేదో పనివాడి అలవాటు. రంగు తెలియని జెండాల టైలరని బయటికి పొక్కిందంటే ఇంకెవరైనా గడప తొక్కుతారా? అందుకే ఇద్దరూ నోరు కుట్టేసుకున్నారు.

ఈసారి విద్యార్థుల ఆటల పోటీలు. మర్నాడు పొద్దున్నే ఊరేగింపు, ఇవాళ మధ్యాహ్నానికే ఆఫీసరు వచ్చి జెండాలు పట్టుకెళ్తానన్నాడు. సరిగ్గా అప్పుడే కూతురికి పక్క ఊళ్లో నొప్పులు మొదలయ్యాయి. భార్య ముక్కలన్నీ కత్తిరించి, ముడులు వేసి, తెల్లారకముందే బస్సెక్కింది.

ఆయన మొహం కడుక్కుని వచ్చేసరికి బల్ల తళతళలాడిపోతోంది. కొత్త కోడలు, పెళ్లయి ఆర్నెల్లు, పక్కన చేతులు కట్టుకుని నిలబడి ఉంది. ముక్కలన్నీ ఇస్త్రీ చేసి, అంచులు సరిచేసి, దొంతర పెట్టింది.

"మామయ్యా, మూలల్లో అన్నీ దారాలు వేలాడుతున్నాయి. కత్తిరించేశాను. ఇప్పుడు బాగున్నాయి కదా?"

ఆయన గబుక్కున పై ముక్క తడిమాడు. నున్నగా ఉంది. కింది ముక్కా నున్నగానే ఉంది.

"బాగున్నాయమ్మా," అన్నాడు. ఇంకేమంటాడు!

పెరట్లోకి వెళ్లి భార్యకి ఫోన్ చేశాడు. ఎత్తలేదు. మళ్లీ చేశాడు, స్విచాఫ్. ఆస్పత్రిలో ఉంది, ఎందుకు ఎత్తుతుంది? కొడుకు లారీ మీద ఎక్కడో దూరాన ఉన్నాడు. కోడల్ని అడిగేస్తే పోయేదే. కానీ నిన్నగాక మొన్న వచ్చిన పిల్ల ముందు, అందులోనూ రోజూ దేశాల పాఠాలు చెప్పి మురిసిపోయే పిల్ల ముందు, ఎరుపేదో చూపించమ్మా అని అడగడానికి నోరు రాలేదు. వాళ్ల పుట్టింట్లో చెబుతుంది. అక్కణ్ణుంచి ఊరంతా పాకుతుంది.

చివరికి ఒక ఎత్తు వేశాడు.

"అమ్మాయ్, నీకు పని నేర్పాలి. నేను దేశం పేరు చెబుతాను, నువ్వు పటం చూడకుండా రంగులు చెప్పి ముక్కలు అందించాలి. హంగరీ!"

"పైన ఎరుపు, మధ్యలో తెలుపు, కింద ఆకుపచ్చ," అంటూ కోడలు ఉత్సాహంగా అందించింది. ఆయన మిషన్ తొక్కాడు. బల్గేరియా అయింది. ఐర్లండ్ దగ్గర ఆయన పాఠం కూడా చెప్పాడు: ఆకుపచ్చ కేథలిక్కులది, నారింజ ప్రొటెస్టెంట్లది, నడిమి తెలుపు వాళ్ల మధ్య శాంతి. కర్ర దూర్చే మడత ఆకుపచ్చ వైపు పడాలి. పొరపాటున నారింజ వైపు కుట్టామా, ఐర్లండ్ కాస్తా ఐవరీ కోస్ట్ అయిపోతుంది. నోరు ఆడుతూనే ఉంది గానీ వీపంతా చెమట. ప్రతి ముక్కా మిషన్ కింద పెట్టేటప్పుడు ఆ పిల్ల మొహం వంక చూస్తున్నాడు, కనుబొమ్మ ఎగరలేదు కదా అని.

"ఇటలీ!" అన్నాడు.

అప్పుడే కోడలి ఫోన్ మోగింది. మొగుడు. చెవికీ భుజానికీ మధ్య ఫోన్ ఇరికించుకుని మాట్లాడుతూనే మూడు ముక్కలు తీసి ఇచ్చింది. ఆయన కుట్టాడు, మడత వేశాడు, విదిలించి బల్ల మీద పరిచాడు.

ఫోన్ పెట్టేసి ఇటు తిరిగిన కోడలు నాలుక కరుచుకుంది. ఆకుపచ్చ ఉండాల్సిన చోటా ఎరుపే ఉంది. ఎరుపు, తెలుపు, ఎరుపు. ఇటలీ కాస్తా సముద్రం దాటి దక్షిణ అమెరికా వెళ్లి పెరూ అయి కూర్చుంది. తప్పు తనదే. మరి మామయ్య తిట్టలేదేం? కుట్టు వెంట్రుకవాసి పక్కకి పోతే ఒంటికాలి మీద లేచే మనిషి!

"మామయ్యా, ఇది ఏ దేశం?"

"ఇటలీ. ఇప్పుడేగా ఇచ్చావు? కుట్టు చూడు, ఎంత తిన్నగా వచ్చిందో."

ఆ పిల్ల ఆయన మొహంలోకి చూసింది. ఆయన చూపు తిప్పుకున్నాడు. ఇంతలో బయట జీపు ఆగింది.

ఆఫీసరు వస్తూనే జెండాలు ఒక్కొక్కటీ విప్పి ఫోన్‌లో బొమ్మతో పోల్చి చూడడం మొదలుపెట్టాడు. హంగరీ, బల్గేరియా, ఐర్లండ్ పక్కన పెట్టాడు. తర్వాతది విప్పి ఆగిపోయాడు.

"ఇదేమిటండీ? పెరూ జట్టు రావడం లేదే! ఇటలీ ఏది?"

ఏ ముక్క తప్పు పడిందో కూడా ఆయనకి తెలియదు. ఎదురుగా ఉన్నది తన కంటికి ఇటలీయే.

"నేను కుట్టానండీ," అంది కోడలు గబగబా. "మామయ్య చూసుకోలేదు. కొత్తదాన్ని, పొరపాటైంది."

"కొత్తదానివైతే వంటింట్లో నేర్చుకో! రేపు పిల్లల చేతికి ఇది ఇచ్చి నడిపిస్తే నా ఉద్యోగం ఏమవుతుంది? కళ్లు లేవా నీకు?"

కోడలు తల వంచుకుంది. ఆయన బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాడు. ఊరుకుంటే గండం గడిచిపోతుంది. ఆ పిల్ల నాలుగు తిట్లు తింటుంది, గుట్టు గుట్టుగానే ఉంటుంది. ఒక్క క్షణం ఊరుకుందామనే అనుకున్నాడు కూడా. ఆ అనుకున్నందుకే తన మీద తనకి అసహ్యం వేసింది.

"ఆ పిల్లని అనకండి. కళ్లు లేనిది నాకు," అన్నాడు. "కుట్టింది నేనే. నాకు ఎరుపూ ఆకుపచ్చా ఒకేలా కనపడతాయి. ఇవాళ కాదు, పుట్టినప్పట్నుంచీ."

ఆఫీసరు మిగిలిన జెండాలన్నీ మళ్లీ మొదట్నుంచి చూశాడు. అన్నీ సరిగ్గానే ఉన్నాయి. "ఇటలీ ఒక్కటి గంటలో కుట్టివ్వండి," అన్నాడు చివరికి. గొంతు తగ్గింది. "పైవాళ్లకి మాత్రం చెప్పక తప్పదు. వచ్చే ఏడాది సంగతి నేను మాటివ్వలేను."

కోడలు ఆకుపచ్చ ముక్క తెచ్చి ఆయన చేతిలో పెట్టింది. ఇద్దరూ కలిసి కుట్టారు. ఆ గంటా ఆయన ఏ దేశం గురించీ మాట్లాడలేదు.

సాయంత్రం భార్య ఫోన్ చేసింది.

"ఏవండీ, ఆడపిల్ల. తల్లీ పిల్లా బాగున్నారు. జెండాలు వెళ్లాయా?"

"వెళ్లాయి. చెప్పేశానే. ఆఫీసరుకీ, కోడలికీ, అందరికీ చెప్పేశాను."

చీవాట్లకి సిద్ధపడ్డాడు. వినబడింది ఏడుపు.

"ఏమిటే? ఆర్డర్లు పోతాయనా?"

"అది కాదండీ. మా అమ్మ పోయినప్పుడు మూడో రోజే తిరిగొచ్చేశాను, మెక్సికో జెండాలున్నాయని. చెల్లెలి పెళ్లికి పొద్దున వెళ్లి సాయంత్రానికి మిషన్ దగ్గరున్నాను. ప్రపంచంలో దేశాలన్నీ నా చేత్తో కత్తిరించాను. ఇల్లు వదిలి ఎక్కడా వారం రోజులు ఉన్నది లేదు."

ఇన్నేళ్లూ ఆ గుట్టు మోసింది తనొక్కడే అనుకున్నాడు.

"ఇక్కడ రెండు నెలలు ఉంటాను," అంది భార్య. అడగడం కాదు, చెప్పడం.

"ఉండు," అన్నాడు. ఫోన్ పెట్టేయలేదు. ఆవిడా పెట్టేయలేదు. ఇన్ని దేశాల కథలు చెప్పిన ఆ నోటికి "నాదే తప్పే" అనే ఒక్క మాట రావడానికి చాలాసేపు పట్టింది.