షామియానా వెనక నవ్వులు

ఇవాళ డాక్యుమెంటరీలకు కెమెరా పట్టమని ఎక్కడెక్కడి వాళ్ళో పిలిచే సుసన్నా, మొదట్లో నూజివీడులో బాబాయి రత్నబాబు స్టూడియో తరఫున పెళ్ళి వీడియోలు తీసేది. అందరూ మండపం వైపు చూస్తుంటే ఆమె కెమెరా మెల్లగా షామియానా వెనక్కి జారుకునేది. గుండిగల దగ్గర చెమటలు కక్కే వంటవాళ్ళంటే ఆమెకు అంత ఇష్టం.

ఆగిరిపల్లిలో మామిడితోటలున్న లక్ష్మీనరసింహారావు గారి అమ్మాయి యోగిత పెళ్ళితో కొంప మునిగింది. వీడియో చూసి ఆయన స్టూడియోకొచ్చి మండిపడ్డాడు.

“తలంబ్రాలు రెండు నిమిషాలు, మా అమ్మ పులిహోర కలుపుతూ కబుర్లాడటం పావుగంటా? ఇదేం పెళ్ళి వీడియో అమ్మా?”

ఆయన వెంట వచ్చిన యోగిత మాత్రం, “నాన్నా, నానమ్మ అంతలా నవ్వడం మనమెప్పుడైనా చూశామా?” అంది.

ఆయన మళ్ళీ వేయించుకుని చూశాడు. తెరమీద వాళ్ళమ్మ వెంకాయమ్మ గారు బోసినోరు తెరిచి పడీపడీ నవ్వుతోంది. ఆయనకూ నవ్వాగలేదు.

“నీకు పెళ్ళిళ్ళు నప్పవు గానీ, మా తోటలో కోతలు మొదలయ్యాయి. వచ్చి నీ ఇష్టమొచ్చినట్టు తీసుకో,” అన్నాడు.

అలా మొదలైంది ఆమె మొదటి డాక్యుమెంటరీ. కాయలు ఏరి పెట్టెలకెత్తే ఆడవాళ్ళు తొలిరోజు మంచి చీరలు కట్టుకొచ్చి, కెమెరా ముందు కొయ్యబొమ్మల్లా బిగుసుకుపోయారు. సుసన్నా కెమెరా పక్కనపెట్టి వాళ్ళతోపాటు ఏరడానికి కూర్చుంది. సొన చిమ్మి చేతులు మండాయి. వాళ్ళ మేస్త్రి ఇన్నమ్మ కొబ్బరినూనె రాసి, “ఇప్పుడు మాలో కలిశావే పిల్లా! ఇక తీసుకో,” అంది. ఆ వేసవంతా తీసింది, పైఏడు కూడా తీసింది.

కొచ్చిలో జరిగే చిత్రోత్సవానికి సినిమా ఎంపికైంది. ఇన్నమ్మను వెంటబెట్టుకుని సుసన్నా రైలెక్కింది. బొమ్మ అయిపోగానే హాలంతా చప్పట్లు. సుసన్నా చేతికి మైకిచ్చారు. ఇన్నమ్మ దాన్ని లాక్కుంది.

“మాది ఆగిరిపల్లండీ. సినిమా ఇంకోసారి వేయండి. నేను కనబడ్డప్పుడల్లా సిగ్గేసి కళ్ళు మూసేసుకున్నాను!”

సుసన్నా నవ్వాపుకుంటూ ఆ మాటను ఇంగ్లీషులో చెప్పేసరికి హాలు గొల్లుమంది. నిర్వాహకులు మర్నాడు పొద్దున్నే మళ్ళీ వేశారు. ఇన్నమ్మ ముందు వరుసలో కూర్చుని కళ్ళార్పకుండా చూస్తూ, పక్కనున్న మలయాళీ ఆవిడకు తెరమీది ఒక్కొక్కరినీ పేరుపేరునా పరిచయం చేసింది, తెలుగులోనే. ఆవిడకేం అర్థమైందో గానీ, నవ్వుతూ తలాడిస్తూనే ఉంది.