వీధి వైపు తిరిగిన టీవీ

మా సెలూన్ బాబాయ్ గడ్డం గీస్తూ గీస్తూ ఏడుస్తాడు. కష్టాలొచ్చి కాదు, టీవీలో యానిమే, అదే జపాన్ బొమ్మల సీరియల్, వస్తోందని.

అందులో ఇద్దరు స్నేహితులు ఒకే పడవలో చెరో తెడ్డూ వేసి పందేలు గెలుస్తుంటారు. ఒకనాడు పోట్లాడుకుని ఒకడు వెళ్ళిపోతాడు. రెండోవాడు వెళ్ళినవాడి తెడ్డు ఇంకెవరినీ ముట్టుకోనివ్వడు. ఒంటి తెడ్డుతో పడవ ఉన్నచోటే గిరగిరా తిరుగుతుంది. వాడు వెక్కివెక్కి ఏడుస్తూనే తెడ్డు వేస్తుంటాడు. అక్కడికి రాగానే బాబాయ్ కత్తి పక్కనపెట్టి, మన మెడచుట్టూ ఉన్న తువ్వాలుతోనే కళ్ళు తుడుచుకుంటాడు.

అసలు విడ్డూరం, ఆ టీవీ మొహం వీధి వైపు ఉంటుంది. మా వైపు దాని వీపు. బాబాయ్‌కీ బొమ్మ కనబడదు, మాటలు విని ఏడుస్తాడు. ఇంటర్వ్యూకి వెళ్ళాల్సిన ఒకాయన సగం మీసంతో బయటికెళ్ళి, అద్దాల కిటికీ ముందు నిలబడి సీజనంతా చూశాడు. ఇంటర్వ్యూ సంగతి ఎవరూ అడగలేదు.

"టీవీ ఇటు తిప్పొచ్చుగా బాబాయ్?"

"వేడెక్కుతుందిరా. గాలి తగలాలి."

"వాడు ప్రతిసారీ ఓడిపోతాడు. అందులో ఏముందని చూడ్డం?"

"గెలిచేవాణ్ణి ఎవడైనా చూస్తాడు. వీడు ఓడిపోయొచ్చి కూడా ఆ రెండో తెడ్డు తుడిచి పెడతాడు. అందుకే ఎన్నిసార్లు విన్నా తనివి తీరదు. తల దించు."

ఎదుటి సెలూన్ ఆయన ఒకప్పుడు ఇక్కడే రెండో కుర్చీ దగ్గర పనిచేసేవాడు. టేబుల్ ఫ్యాను ఎవరి కుర్చీ వైపు తిరగాలన్న దాని మీద ఇద్దరికీ చెడింది. అప్పట్నించీ మాటల్లేవు.

మొన్న మళ్ళీ చివరి ఎపిసోడ్ వచ్చింది. నా ఒక చెంప నున్నగా ఉంది, రెండో చెంప మీద నురగ ఉంది. మాటల్ని బట్టి, వెళ్ళిపోయిన స్నేహితుడు ఒడ్డుకొచ్చాడు, చెప్పులు విప్పాడు, నీళ్ళలో కాలు పెట్టాడు. టీవీ ఆగిపోయింది.

రెండు నిమిషాల్లో ఎదుటి సెలూన్ ఆయన సబ్బు బ్రష్షు చేత్తో పట్టుకుని రోడ్డు దాటి వచ్చేశాడు. వెనకాల సగం గడ్డంతో ఆయన కస్టమరు.

"టీవీకేమైంది?" అన్నాడు గుమ్మంలోనే నిలబడి.

"ఆగిపోయింది," అన్నాడు బాబాయ్, కత్తి వంక చూస్తూ.

"అది కనబడుతూనే ఉంది. వాడు పడవెక్కాడా?"

"ఇన్నిసార్లు అక్కణ్ణించి చూశావుగా. తెలీదూ?"

"తెలుసు. అయినా చెప్పు."

బాబాయ్ వెళ్ళి టేబుల్ ఫ్యాను రెండో కుర్చీ వైపు తిప్పాడు.

"కూర్చో. చెప్తా."

ఆయన కూర్చున్నాడు. ఆయన కస్టమరు బల్ల మీద సర్దుకున్నాడు. బాబాయ్ కథ అందుకున్నాడు, తెడ్డుకు బదులు దువ్వెన ఊపుతూ. నా చెంప మీద నురగ ఎండి చిటపటలాడుతోంది.

"బాబాయ్, నా గడ్డం?"

"ఉండరా," అన్నారిద్దరూ ఒకేసారి. "ముందు వాణ్ణి పడవెక్కనీ."