సేనాపతి వంశానికి ఈడిగ సర్టిఫికెట్

కోవిల్‌పట్టిలో అగ్గిపెట్టెల ఫ్యాక్టరీ మేస్త్రీగా రిటైరైన దామోదరసామి ఇంటి గుమ్మం మీద ఇత్తడి పలక ఒకటి తళతళలాడుతుంటుంది. దాని మీద 'సేనాపతి వంశం' అని చెక్కించాడు. ఏ సేనకయ్యా నువ్వు పతివి అని అడిగిన పాపాన ఎవరూ పోలేదు. అడిగితే మాత్రం ఏం చెబుతాడు, పాపం! వాళ్ళ నాయన పుదూరు పక్కన తాటిచెట్లెక్కి కల్లు గీసినవాడు. చెట్టును వాటేసుకొని వాటేసుకొని రొమ్ము మీద కాయలు కాచిన మనిషి. సర్కారు కల్లు ఆపేశాక ఆయన మోకూ కత్తీ అటకెక్కాయి. ఇప్పుడు అదే సర్కారు వీధి చివర బ్రాందీ సీసాలమ్ముతోంది. సాయంత్రమైతే మన సేనాపతిగారు అక్కడ వరసలో నిలబడతారు. దానికి సిగ్గు లేదు! నాయన కత్తికి మాత్రం ఏడాదికోసారి, తలుపులు బిగించుకొని, కొబ్బరినీళ్ళు పోసి దొంగచాటుగా మొక్కుతాడు.

తల్లి ముత్తమ్మాళ్ పట్నం వచ్చిన రోజే ఆమెకు ఆజ్ఞ పడింది. "అమ్మా, ఎవురన్నా అడిగితే సేనాపతి వంశమనే సెప్పల్ల. నాయన సంగతి నోట రాగూడదు." ముసలమ్మ ఆ పూట అన్నం ముట్టలేదు. అలిగిందిలే అనుకున్నాడు.

ఈ ఏడు కూతురు సత్యప్రియకు విరుదునగర్‌లో కులం కోటా కింద నర్సింగు సీటు వచ్చింది. ఎల్లుండిలోగా కల్లుగీత కులం 'ఈడిగ' అని సర్టిఫికెట్ ఇవ్వకపోతే సీటు ఇంకొకరికి పోతుంది. దామోదరసామి చెవులు కొరికినంత గుట్టుగా దరఖాస్తు పెట్టి వచ్చాడు. కానీ విచారణకు రెవెన్యూ అధికారిణి జెయంతి తిన్నగా వీధిలోకే దిగింది. ముందు ఎదురింటి టీకొట్టు నల్లసామిని అడిగింది.

"ఈడిగలా? ఛఛ, వాళ్ళు సేనాపతులమ్మా! ఆయనే వందసార్లు చెప్పాడు," అన్నాడు నల్లసామి ఎంతో గౌరవంగా. పక్కింటివాళ్ళదీ అదే మాట. మేలు చేస్తున్నామనే అనుకున్నారు, ఖర్మ!

జెయంతి ఇత్తడి పలక వైపు చూసి ఫైలు మూయబోయింది. దామోదరసామి లబోదిబోమంటూ లోపలికి పరుగెత్తి, అటక మీది కత్తి దించి, తల్లిని చేయిపట్టి తెచ్చాడు.

ఆ తమిళ ఊళ్ళో జెయంతిదీ వీళ్ళలాగే తెలుగిల్లే. "మీ ఇంటాయన ఏం పని చేస్తా ఉండె, అవ్వా?" అని అడిగింది.

"మేము సేనాపతి వంశం, తాయీ," అంది ముత్తమ్మాళ్, కొడుకు నేర్పిన మాట పొల్లుపోకుండా.

దామోదరసామి కత్తిని తల్లి ముందుకు చాచాడు. "అమ్మా! నిజం సెప్పు!"

"నువ్వు సెప్పమనిందే గదప్పా సెప్తి."

"మరి ఈ కత్తి?" అంది జెయంతి.

"యుద్దం కత్తేమో. మావాణ్ణే అడుగు."

సత్యప్రియ ఏడ్చేసింది. "నాయనా, నా సీటు పోతాది. నువ్వే సెప్పు!"

అప్పటికే వీధంతా గుమిగూడింది. దామోదరసామి తల వంచుకొని, "మా నాయన కల్లు గీసినాడు," అని గొణిగాడు.

"మీ నాయనకు పేరు లేదా?" కసిరింది ముసలమ్మ. "మొగుడి పేరు నేను పలకగూడదు. నువ్వు పలకవు. ముప్పై ఏండ్లుగా ఆ పేరు ఈ ఇంట్లో ఇనబడలేదురా! వీదంతా ఇనేట్టు సెప్పు."

"మా నాయన కాళిముత్తు! కల్లు గీసినాడు! మేము ఈడిగోళ్ళం!"

ముత్తమ్మాళ్ కళ్ళలో నీళ్ళు గిర్రున తిరిగాయి. కొంగుతో తుడుచుకొని జెయంతి వైపు తిరిగింది.

"బిరాన రాసుకో, తాయీ. వీడు మళ్ళా సేనాపతి అయ్యేలోపల రాసుకో."